మీకు తెలుసా? జియావోజి రుచంతా లోపలి ముద్దలోనే!

చూడటానికి మన కజ్జికాయలా ఉండే జియావోజి ఉత్తర చైనాలో కొత్త సంవత్సరపు వంటకం. పండుగ ముందురోజు రాత్రి ఇంటిల్లిపాదీ కూర్చుని వీటిని చుడతారు. లోపల పెట్టే పంది ఖీమా, పుట్టగొడుగుల ముద్దలో ఎంత నేర్పు ఉందో చూడండి.

• ఖీమాలో కొవ్వు ఉండాల్సిందే. సుమారు 70 పాళ్ల మాంసానికి 30 పాళ్ల కొవ్వు ఉంటే ముద్ద మెత్తగా ఉంటుంది. మరీ కొవ్వు తక్కువ మాంసమైతే పిడచకట్టుకుపోతుంది.

• ఉప్పు, సోయా సాస్ వేసి ఒకే దిశలో గట్టిగా కలపడం అక్కడి ఆనవాయితీ. ఉప్పుకు మాంసంలోని ప్రోటీన్లు బయటికొచ్చి జిగురుగా మారతాయి. అల్లం, ఉల్లికాడలు నానబెట్టిన నీళ్లు కొద్దికొద్దిగా పోస్తే ఆ జిగురు వాటిని పట్టి ఉంచుతుంది. కొరికినప్పుడు ఊరే రసం అదే!

• పచ్చివాటికంటే ఎండు షిటాకే పుట్టగొడుగులకే రుచి ఎక్కువ. వాటిలోని గ్వానిలేట్, సోయా సాస్‌లోని గ్లుటమేట్ కలిస్తే కమ్మదనం ఎన్నో రెట్లు పెరుగుతుంది. ఈ కమ్మదనానికి 1908లో ‘ఉమామి’ అని పేరు పెట్టినవారు జపాన్ శాస్త్రవేత్త కికునే ఇకెడా.

• అందుకే పుట్టగొడుగులు నానిన నీళ్లు పారబోయకండి. అడుగున దిగిన ఇసుక కదలకుండా తేర్చి ముద్దలో కలపండి.

• క్యాబేజీ వేస్తే ముందే ఉప్పు చల్లి, నీరు పిండేయాలి. లేదంటే పైపొర తడిసి చిరుగుతుంది.

• నువ్వుల నూనె ఆఖర్న వేస్తేనే ఘుమఘుమ!