విడికాగితాల నవల

నవల చేతికి రాగానే ముందు చివరి పేజీ చూసే అలవాటు మనలో చాలామందికి ఉంది, ఒప్పుకుందాం. అలాంటి మనకి అసలు కుట్టే లేని పుస్తకం ఇస్తే?

ఇంగ్లండులో బి.ఎస్. జాన్సన్ అనే ఆయన 1969లో అలాంటిదే ఇచ్చాడు. పేరు 'ది అన్‌ఫార్చునేట్స్'. అంటే దురదృష్టవంతులు. ఒక పెట్టెలో విడివిడిగా 27 భాగాలు. మొదటిదీ చివరిదీ ఏవో గుర్తుపెట్టాడు. మధ్యలోని 25 భాగాలనూ పేకముక్కల్లా కలిపేసి, మనకు తోచిన వరసలో చదువుకోవచ్చు.

ఇదేం చోద్యమమ్మా అని నవ్వుకున్నాను. కారణం తెలిశాక నవ్వు రాలేదు. జాన్సన్ ఫుట్‌బాల్ ఆటల గురించి పత్రికకు రాసేవాడు. ఒకసారి ఆ పనిమీదే నాటింగ్‌హాంలో రైలు దిగాడు. దిగాక తట్టింది, కాన్సరుతో చిన్నవయసులోనే పోయిన తన స్నేహితుడు ఉండిన ఊరు ఇదేనని. ఒక వీధి చూస్తే వాళ్ళు నవ్వుతూ తిరిగిన రోజు, ఇంకో మలుపులో జబ్బుతో వాడిన ముఖం. తలపులు వరసలో రాలేదు. వాటిని వరసపెట్టి కుట్టేస్తే అబద్ధమవుతుందని ఆయన పట్టుదల.

మా అమ్మ పోయాక ఆవిడ ట్రంకుపెట్టె తెరిచాను. ముందు చేతికొచ్చింది ఆఖరి మందుచీటీ. దాని కింద నా బారసాలనాటి వెండిమురుగులు. ఆ పూట ఇంక ఏమీ తియ్యలేకపోయాను. అందుకే కాబోలు, ఈ పెట్టె సంగతి నాకు వింతగా తోచడం మానేసింది.

1971లో ఆయన రాసిన మరో నవలలో వృద్ధాశ్రమంలోని ఎనిమిదిమంది ఒకే సాయంత్రాన్ని ఎవరి మనసులో వారు చెప్పుకుంటారు. మతి తప్పినవారి వంతు వచ్చేసరికి పేజీల్లో ఖాళీలే ఎక్కువ.

ఈ పద్ధతి ఫిల్ము మీద కూడా ఉంది. 1973లో వేల్సు సముద్రతీరాన మైకేల్ బేక్‌వెల్ టెలివిజన్ కోసం తీసిన 'ఫాట్ మాన్ ఆన్ ఎ బీచ్' అది. లావుపాటి జాన్సన్ ఒక్కడే ఇసుకలో నిలబడి కబుర్లు చెబుతాడు, కవితలు చదువుతాడు. ఒకదానికొకటి అతుకుండదు, పెట్టెలో కాగితాల మాదిరే. కెమెరా ఉందన్న సంగతీ దాచడు. చివరికి వేసుకున్న బట్టలతోనే సముద్రంలోకి నడిచిపోతాడు.

ఆ నవంబరులోనే, నలభయ్యో ఏట, ఆయన తన ప్రాణం తానే తీసుకున్నాడు. ఫిల్ము 1974లో ప్రసారమైంది. అప్పటికి ఆ చివరి నడకను ఊరికే ఒక తమాషాగా చూడగలిగినవారు ఎందరుంటారు చెప్పండి?