చేతిలో గాలం.. నెత్తిన అరోరా!

‘‘చెరువన్నావ్. నీళ్లేవిరా?’’

బండి దిగీ దిగగానే నాన్న అడిగిన మొదటి ప్రశ్న ఇది. ఆయన ముప్ఫై ఏళ్లకు పైగా గోదావరి కాలువల మీద లస్కరుగా చేసి రిటైరయ్యారు. ఏ కాలువకి ఎన్ని అడుగుల నీళ్లొచ్చాయో గట్టు మీద నిలబడి చెప్పేయగలరు. అలాంటి మనిషిని తీసుకెళ్లి కెనడాలోని ఎల్లోనైఫ్‌లో, గ్రేట్ స్లేవ్ లేక్ మీద నిలబెట్టాను. కనుచూపు మేర తెల్లటి బయలు తప్ప ఇంకేం లేదు. మేం దిగిన బండి కూడా ఆ సరస్సు మీదే ఆగి ఉంది. ఆ మాట చెబితే, చేతికర్రతో మంచుని రెండుసార్లు పొడిచి చూసి, ఏమీ అనకుండా నా జబ్బ పట్టుకున్నారు.

ఈ ప్రయాణం ఎందుకు పెట్టుకున్నానో ముందు చెప్పాలి. అక్క డెలివరీ కోసం అమ్మానాన్న నవంబర్‌లో ఎడ్మంటన్ వచ్చారు. అమ్మకి మనవరాలితో రోజు ఎలా గడుస్తోందో తెలియట్లేదు. నాన్నకి మాత్రం ఇల్లు జైలైపోయింది. బయటికెళ్దామంటే చలి, మాట్లాడదామంటే మనిషి లేడు. పొద్దున లేచి కిటికీ దగ్గర కూర్చుంటే మళ్లీ రాత్రికే లేవడం. జనవరి చివరికి ‘‘నా టికెట్ ముందుకి జరిపించరా, నేను వెళ్లిపోతాను’’ అనడం మొదలుపెట్టారు. ఆ మాట రోజూ వినాల్సొస్తుంటే నాకు ఆఫీసు పని మీద ధ్యాస నిలవలేదు. ఫ్రెండొకడు నార్తర్న్ లైట్స్ చూపించమన్నాడు. సరేనని నాన్నకి ఫోన్లో ఫొటోలు చూపిస్తే ‘‘దీపావళికి కాల్చే మతాబులకన్నా గొప్పేం కాదులే’’ అని తీసిపారేశారు. అప్పుడు అదే పేజీలో కింద ఐస్ ఫిషింగ్ కనబడింది. ‘‘గడ్డకట్టిన చెరువుకి బెజ్జం పెట్టి గాలం వేస్తారట నాన్నా’’ అన్నాను. ఆయన కళ్లజోడు పెట్టుకుని ఫోన్ తన చేతిలోకి తీసుకున్నారు. టికెట్లు ఆ రాత్రే బుక్ చేశాను.

ఎడ్మంటన్ నుంచి ఎల్లోనైఫ్‌కి విమానంలో రెండు గంటల లోపే. రోడ్డు మీదైతే 1,400 కిలోమీటర్లకు పైనే. దారిలో మెకంజీ నది అడ్డం వస్తుంది. 2012లో డే చో బ్రిడ్జి తెరిచే వరకూ వేసవిలో పంటు మీద, చలికాలంలో గడ్డకట్టిన నది మీదుగా బండ్లు దాటేవట. ఎల్లోనైఫ్ ఇరవై వేల మంది ఉండే చిన్న ఊరు. 1930ల్లో బంగారం కోసం పుట్టింది, 1990ల నుంచి వజ్రాల గనుల మీద బతికింది, ఇప్పుడు చలికాలమైతే అరోరా కోసం వచ్చే జనంతో కళకళలాడుతోంది. అక్కడి సరస్సు వైశాల్యం 27 వేల చదరపు కిలోమీటర్లకు పైమాటే. మన కొల్లేరు అభయారణ్యం 308 చదరపు కిలోమీటర్లు కదా, అలాంటివి ఎనభై పైచిలుకు ఇందులో పట్టేస్తాయి. తూర్పు కొసన లోతు 614 మీటర్లు. ఉత్తర అమెరికాలో ఇంతకన్నా లోతైన సరస్సు లేదు.

అరోరా చూడాలంటే అందరూ ఇక్కడికే ఎందుకొస్తారంటే, ఈ ఊరు సరిగ్గా అరోరా వలయం కింద ఉంటుంది. సూర్యుడి నుంచి కొట్టుకొచ్చే కణాల్ని భూమి అయస్కాంత శక్తి ధ్రువాల వైపు లాగుతుంది. అవి పైన గాలిని గుద్దుకుంటే వెలుగు పుడుతుంది. వంద, నూటయాభై కిలోమీటర్ల ఎత్తులో ఆక్సిజన్‌ని తాకితే ఆకుపచ్చ, రెండొందలు దాటిన ఎత్తులో అయితే ఎరుపు. కింది అంచున గులాబీ రంగు కనబడితే అది నైట్రోజన్ పని. ఎల్లోనైఫ్ సముద్రానికి దూరంగా, చదునుగా, పొడిగా ఉంటుంది కాబట్టి మబ్బులు లేని రాత్రులు ఎక్కువ. మేం మార్చి మొదట్లో వెళ్లడానికి కారణం ఉంది. విషువత్తుల చుట్టుపక్కల అరోరా జోరు ఎక్కువ. సరస్సు మీద మంచు ఆపాటికి బాగా మందంగా ఉంటుంది, జనవరంత చలీ ఉండదు. ‘జనవరంత ఉండదు’ అంటే మైనస్ 28 అన్నమాట!

ఇంత లెక్కేసుకుని వెళితే మొదటి రెండు రాత్రులూ మబ్బే. రాత్రి ఒంటిగంట దాకా మెడ పైకెత్తి నిలబడి, గదికొచ్చి పడుకోవడం. చుట్టూ ఉన్న టూరిస్టులు బస్సుల్లోకి ఎక్కి ఫోన్లు చూసుకుంటున్నారు. అరోరా ప్యాకేజీల బ్రోచర్లలో రాయని విషయమిదే.. ఇందులో తొంభై పాళ్లు ఎదురుచూపు. ఊరికే నిలబడి ఎదురుచూస్తే చలి రెట్టింపు వేస్తుంది. చేతిలో పనుంటే అంత తెలియదు. అందుకే మూడోరోజు, అంటే మా ఆఖరి రాత్రికి, చేపల వేట పెట్టుకున్నాం.

మా గైడ్ ఆ ఊళ్లోనే పుట్టి పెరిగిన డెనె మనిషి, నాన్న వయసే ఉంటుంది. లైసెన్సుల పని ముందే చూశాడు. స్నోమొబైల్ వెనక బండిలో మమ్మల్ని కూర్చోబెట్టి సరస్సు లోపలికి తీసుకెళ్లాడు. ఆగర్ అంటే బోరు వేసే మరలాంటిది. దాంతో మంచుకి బెజ్జం పెడుతుంటే నాన్న పక్కనే గొంతుక్కూర్చున్నారు. మర దిగుతోంది, దిగుతోంది.. నీళ్లు రావే! చివరికి గబుక్కున ఉబికి వచ్చాయి. నాన్న కర్ర దించి కొలిచి ‘‘రెండు మూరల పైనే’’ అన్నారు. మనిషి నడవడానికి గట్టి మంచు నాలుగు అంగుళాలు చాలంటారు, కారుకి పన్నెండు. ఇక్కడ మూడడుగులు. అప్పటిగ్గానీ ఆయన నా జబ్బ వదల్లేదు. మధ్యమధ్యలో సరస్సు ఫిరంగి పేల్చినట్టు ‘ధన్’మని మోగుతుంది. మొదటిసారి ఇద్దరం ఎగిరిపడ్డాం. చలికి మంచు బిగుసుకునే చప్పుడట, భయం లేదని గైడ్ చేతులూపి చెప్పాడు.

‘‘కింద నీళ్లెందుకు గడ్డకట్టలేదురా?’’ అని నాన్న అడిగారు. నీళ్లు నాలుగు డిగ్రీల దగ్గర అన్నిటికన్నా బరువుగా ఉంటాయి, అవి అడుక్కి పోతాయి, ఇంకా చల్లబడినవి తేలికై పైకొచ్చి గడ్డకడతాయి, ఆ మంచే కింద నీళ్లకి దుప్పటి అని చెప్పాను. ఇంజినీరింగ్ చదివినందుకు నాన్నకి ఏదైనా అర్థమయ్యేలా చెప్పగలిగింది బహుశా అదొక్కటే. ‘‘అయితే చేపలు అడుగునే ఉంటాయన్నమాట’’ అన్నారు వెంటనే. గైడ్ తల ఊపాడు. ఆయనకి తెలుగు రాదు, నాన్నకి ఇంగ్లిష్ రాదు. ఆ సాయంత్రం ఇద్దరికీ నాతో పెద్దగా పని పడలేదు.

పగలైతే ఇక్కడ లేక్ ట్రౌట్, వైట్‌ఫిష్ పడతాయి. రాత్రి వేటకి వచ్చేది బర్బాట్. కాడ్ జాతిలో మంచినీళ్లలో బతికేది ఇదొక్కటే. మిగతా చేపలు చలికాలం మందగిస్తే ఇది నడిచలికాలంలో మంచు కిందే గుడ్లు పెడుతుంది. చీకటి పడ్డాకే తీరానికి దగ్గరగా తిండికొస్తుంది. అరోరాకీ బర్బాట్‌కీ టైమింగ్ ఇంత చక్కగా కుదిరిందన్నమాట. గాలం కూడా చీకట్లో మెరిసేదే. టార్చిలైటు వెలుతురులో పది సెకన్లు పెడితే ఆకుపచ్చగా వెలుగుతుంది. దానికో చేపముక్క గుచ్చి, అడుగు తగిలేదాకా వదిలి, జానెడు లేపి, మళ్లీ దించుతూ ఉండాలి. బెజ్జంలో నీళ్లు నిమిషాల్లో పొరకడుతుంటాయి. ఆ పొర తీయడానికి వాడేది చూసి నాన్న పగలబడి నవ్వారు. అచ్చం మన బూరెలు దేవే చిల్లుల గరిటె!

ఇక్కడో చిక్కుంది. ఐస్ ఫిషింగ్‌కి గుడారం కావాలి, గుడారంలో కూర్చుంటే ఆకాశం కనబడదు. అందుకని గైడ్ హీటరున్న గుడారంలో రెండు, బయట రెండు బెజ్జాలు పెట్టాడు. బయటవాటి పక్కన కర్రలు పాతాడు. పైకి చూస్తూ నడిచేవాళ్ల కాలు తొడదాకా దిగిపోతుందట. చూడాలంటే ఆగి చూడు, నడవాలంటే కిందికి చూడు.. ఆయన పెట్టిన నియమం ఇదొక్కటే.

పదకొండు దాటింది. మబ్బు విడింది. ఉత్తరాన బూడిద రంగు చార ఒకటి కనిపించింది. పొగేమో అనుకున్నాను. ఫోన్లో తీసి చూస్తే ఆకుపచ్చ. మందంగా ఉన్నప్పుడు మన కంటికి రంగు తెలియదు, కెమెరాకి తెలుస్తుంది. ‘‘నాన్నా, వస్తోంది’’ అంటుండగానే ఆయన చేతిలో గాలం వంగింది.

నేను పైకి చూస్తున్నాను. నాన్న కింద చేపతో ఉన్నారు. తల చూస్తే వాలుగలా, గడ్డం కింద ఒకే ఒక్క మీసంతో, బెజ్జం అంచుకి వచ్చి అడ్డం తిరిగింది. నలభై ఏళ్ల అలవాటు కదా, ఆయన గ్లోవ్ లాగేసి మోచేతి దాకా నీళ్లలో పెట్టి దవడ పట్టుకుని బయటికి లాగేశారు. మూడు కిలోలుంటుందేమో. మంకీ క్యాప్‌లోంచి ఆ నవ్వు చూసి నేనూ నవ్వాను. అంతలో గాలి వీచింది.

రెండు నిమిషాలు కూడా కాలేదు. ‘‘వేళ్లు తెలియట్లేదురా’’ అన్నారు మామూలుగా. లైటు వేసి చూస్తే నాలుగు వేళ్ల కొసలు మైనంలా తెల్లబడ్డాయి. తడిసిన స్వెటర్ చేతి మీదే గడ్డకడుతోంది. నాకు గుండె జారిపోయింది. రుద్దబోతే గైడ్ నా చేయి గట్టిగా పట్టుకుని ఆపాడు. రుద్దకూడదు, స్పర్శ లేని వేళ్లని హీటర్ దగ్గరా పెట్టకూడదు, కాలినా తెలియదు. గుడారంలోకి తీసుకెళ్లి తడి చొక్కా విప్పించి, పొడి కోటు కప్పి, ఆ చేతిని నా చంకలో పెట్టించాడు. మంచుముక్కని పెట్టుకున్నట్టుంది. బయట ఎక్కడో టూరిస్టుల కేకలు వినబడుతున్నాయి. గుడారం గుడ్డ కూడా పచ్చగా అయిపోయింది. అంత వెలుగొచ్చిందన్నమాట. ‘‘నువ్వెళ్లి చూడరా, దీనికోసమేగా వచ్చాం’’ అంటారు నాన్న. చిన్నప్పుడు జ్వరమొస్తే నన్ను ఎలా పట్టుకునేవారో అలా పట్టుకుని కూర్చున్నాను. పావుగంటకి ‘‘మంట పుడుతోంది’’ అన్నారు. గైడ్ బొటనవేలెత్తి చూపించాడు. మంటొచ్చిందంటే రక్తం నడుస్తోందని. వేళ్లు ఎర్రబడ్డాయి. నాకు మాత్రం కాళ్ల వణుకు ఇంకో అరగంటకి గానీ తగ్గలేదు.

మేం బయటికొచ్చేసరికి ఆకాశం మళ్లీ బూడిదే. పోతే పోయిందనుకున్నాను, నిజంగానే. ఫ్లాస్కులో టీ తాగుతుంటే గైడ్ ఒక మాట చెప్పాడు. 1771-72 చలికాలంలో ఈ సరస్సుని మంచు మీదుగా దాటిన శామ్యూల్ హెర్న్ అనే ఇంగ్లిష్ యాత్రికుడు, 1795లో అచ్చయిన తన పుస్తకంలో రాశాడట.. ఇక్కడివాళ్లు ఈ వెలుగుని దుప్పి అనే పేరుతోనే పిలిచేవాళ్లని. కారిబూ తోలుని చీకట్లో గట్టిగా రుద్దితే నిప్పురవ్వలు లేస్తాయి కాబట్టి, పైన వెలుగు బాగా ఉంటే అక్కడ దుప్పులు మందలుగా ఉన్నాయనుకునేవాళ్లట. అది అనువాదం చేసి చెబితే నాన్న ‘‘మరి! చలికాలం ఉన్ని దుప్పటి దులిపితే రావూ’’ అన్నారు.

ఒంటిగంటన్నర దాటాక మళ్లీ వచ్చింది. ఈసారి నడినెత్తిన. చీర జాడించినట్టు ఒక కొస నుంచి ఇంకో కొసకి పారింది, కింద అంచు గులాబీ. నా ఫోన్ నలభై శాతం ఛార్జింగ్‌తోనే చచ్చిపోయింది. లోపలి జేబులో పెట్టుకోమని గైడ్ చెప్పినా విన్లేదు. కాబట్టి ఫొటో లేదు. నాన్న కుడిచేయి నా కోటు జేబులో ఉంది. ఎడంచేత్తో గాలం మాత్రం వదల్లేదు.

మర్నాడు మేం దిగిన గదిలో వంటగది ఉంటే, అక్క కట్టిచ్చిన కారం, చింతపండుతో పులుసు పెట్టారు. బర్బాట్‌ని ఇక్కడ పేదవాడి లాబ్‌స్టర్ అంటారు. ముల్లు తక్కువ, కండ గట్టిగా ఉంటుంది. గైడ్‌ని కూడా పిలిచాం, కళ్లలో నీళ్లు కారుతున్నా రెండోసారి వడ్డించుకున్నాడు.

టికెట్ ముందుకి జరపలేదు. మొన్న వీడియో కాల్‌లో నాన్న వాళ్ల స్నేహితుడితో మాట్లాడుతుంటే విన్నాను. బోరు మర, రెండు మూరల మంచు, చిల్లుల గరిటె, ఒంటి మీసం చేప.. అరగంట చెప్పారు. ‘‘మరి ఆ రంగుల లైట్లేవో ఉంటాయంటగా?’’ అని అవతల్నుంచి అడిగారు.

‘‘ఆఁ.. అవి కూడా వచ్చాయిలే’’ అన్నారు నాన్న.