నమ్మకం పేరుతో లేచిన మేడలు

విజయనగరం: మద్రాసు శివార్లలో, పోరూరు చెరువుకు చేరువలో మౌలివాక్కం ఉంది. నగరం పెరిగి అక్కడి జాగాలకు గిరాకీ పుట్టింది. ఆ ఊళ్లో పదకొండంతస్తుల మేడలు రెండు లేచాయి. మొత్తానికి పెట్టిన పేరు ‘ట్రస్ట్ హైట్స్’. ఒక మేడ ‘ఫెయిత్’, రెండోది ‘బిలీఫ్’. మూడు మాటలకూ తెలుగులో అర్థం ఒక్కటే, నమ్మకం. ఆ నమ్మకంతోనే ఎందరో ఫ్లాట్లకు డబ్బు కట్టారు.

కట్టిన చేతుల్లో మనవి చాలా ఉన్నాయి. వానను నమ్ముకున్న చెక్క భూమి, పనిలేని నెలలు, మేస్త్రీ చేతిలో పెట్టిన బయానా. శ్రీకాకుళం, విజయనగరం పల్లెల్లో ఆలుమగలు పిల్లల్ని ముసలివాళ్లకు అప్పగించి రైలెక్కడానికి ఇంతకు మించిన కారణాలు అక్కర్లేదు.

2014 జూన్ 28, శనివారం. కూలి బటువాడా రోజు. సాయంత్రం ఉరుములతో వాన కురుస్తుండగా ఒక మేడ ఉన్నపాటున కుప్పకూలింది. అంతస్తు మీద అంతస్తు పడి, మనుషులు మధ్యలో చిక్కుకుపోయారు. జాతీయ విపత్తు సహాయక దళం రోజుల తరబడి శిథిలాలు తొలిచింది. 27 మంది ప్రాణాలతో బయటపడ్డారు. 61 మంది చనిపోయారు. మన రెండు జిల్లాల పల్లెలకు శవాలు బండ్ల మీద వచ్చాయి.

పిడుగు పడి కూలిందని కట్టించినవారు చెప్పారు. తమిళనాడు ప్రభుత్వం జస్టిస్ రెగుపతి చేత విచారణ జరిపించింది. కట్టడంలోనే లోపాలున్నాయని తేలింది.

ఐదుగురు, అంతకు మించి వలస కూలీలను పొరుగు రాష్ట్రానికి తీసుకుపోయే మేస్త్రీ లైసెన్సు పొందాలని, ప్రతి కూలీకి ఫొటో అతికించిన పాసు పుస్తకం ఇవ్వాలని అప్పటికి అమలులో ఉన్న 1979 నాటి చట్టం చెప్పింది. దారిఖర్చులూ ఇవ్వాలంది. బయానా పుచ్చుకునేటప్పుడు ఆ పుస్తకం ఏదని అడగవచ్చునని ఊళ్లో ఎవరు చెప్పారు గనుక!

రెండో మేడ రెండేళ్లకు పైగా అలాగే నిలబడింది. డబ్బు కట్టినవారు కోర్టుల చుట్టూ తిరిగారు. చివరకు 2016 నవంబరు 2న చుట్టుపక్కల ఇళ్లవారిని దూరంగా పంపి, స్తంభాల్లో మందుగుండు దట్టించి పేల్చేశారు. కొన్ని క్షణాల్లో అదీ నేలమట్టమైంది. ఈసారి లోపల మనిషి లేడు.