వాన జాడ తెలిసిన ఒరిక్స్

సౌదీ అరేబియా ఎడారి అనగానే మనవారికి ముందుగా స్ఫురించేది ఒంటె. ఆ ఎడారి కన్న మరొక బిడ్డ అరేబియన్ ఒరిక్స్. తెల్లని మేను, నల్లని కాళ్లు, కత్తులవలె నిలిచే పొడవాటి కొమ్ములు గల ఈ జంతువు చూపునకు జింకను పోలి ఉంటుంది. అరబ్బులు దీనిని 'మహా' అంటారు. అందమైన కన్నులకు ప్రతీకగా ఆడపిల్లలకు ఆ పేరు పెట్టుకుంటారు. మన హరిణాక్షి వంటిదన్నమాట!

ఎడారిలో వాన అంతటా కురియదు. ఒకచోట జల్లు పడితే, నాలుగు కోసుల అవతల నేల ఎండిపోయే ఉంటుంది. తడిసిన చోట మాత్రం కొద్ది రోజులలోనే పచ్చిక మొలుస్తుంది. నెలల తరబడి నీరు త్రాగకుండా జీవించగల ఒరిక్స్‌కు ఆ పచ్చికలోని తేమయే నీరు. అందుచేత ఎక్కడ వాన పడిందో తెలుసుకొనుట దానికి ప్రాణావసరం. వాన కురిసిన దిక్కుగా ఒరిక్స్ మందలు పదుల కిలోమీటర్లు నడిచిపోవడం ఒమాన్‌లో శాస్త్రజ్ఞులు గమనించారు.

దూరపు వాన దానికెలా తెలుస్తుంది? తొలకరి చినుకులకు మన పల్లెలలో లేచే మట్టి వాసనను ఒకసారి జ్ఞప్తికి తెచ్చుకోండి. నేలలోని సూక్ష్మజీవులు తయారుచేసే జియోస్మిన్ అనే పదార్థం ఆ వాసనకు ముఖ్య కారణం. లక్ష కోట్ల పాళ్లలో కొద్ది పాళ్లున్నా మానవుని ముక్కే దానిని పసిగట్టగలదు. గాలి మోసుకొని వచ్చే ఇటువంటి వాసనలే ఒరిక్స్‌కు దారి చూపుతాయని పరిశీలకుల అభిప్రాయం.

అయితే ఇంతటి ఘ్రాణశక్తియు తుపాకి ముందు అక్కరకు రాలేదు. 1972లో, స్వేచ్ఛగా తిరుగుతున్న చివరి ఒరిక్స్‌లు ఒమాన్‌లో వేటగాండ్ర పాలబడ్డాయి. జంతుప్రదర్శనశాలలలో మిగిలిన వాటి సంతతిని పెంచి, 1990లో తాయిఫ్‌కు ఈశాన్యాన ఉన్న మహాజత్ అస్ సైద్ అభయారణ్యంలో విడిచిపెట్టారు. సుమారు 2,200 చదరపు కిలోమీటర్ల ఆ ప్రదేశం చుట్టూ కంచె వేశారు. వేటగాండ్రు, మేకలు, ఒంటెలు లోనికి రాలేదు; మంద వృద్ధి చెందింది.

కాని 1999 మొదలు కరవులు వచ్చాయి. వాన మరొక దిక్కున కురిసినా పోవుటకు దారి లేదు. మేత లేక వందలాది ఒరిక్స్‌లు మరణించాయి. రక్షించుటకు వేసిన కంచెయే వాటి సహజశక్తిని నిరుపయోగం చేసింది!

రుబ్ అల్ ఖాలీ పడమటి అంచున ఉన్న ఉరూఖ్ బనీ మఆరిద్‌లో 1995లో విడిచిన ఒరిక్స్‌లకు కంచె లేదు. అక్కడ వాన వెంట నడవవచ్చును. వేటగాండ్ర భయమూ అక్కడే ఎక్కువ. కంచెకు బదులు కాపలాదారుల గస్తీయే వాటికి రక్ష. 2023లో యునెస్కో ఆ ప్రాంతాన్ని ప్రపంచ వారసత్వ స్థలాల జాబితాలో చేర్చింది.