కోళ్ల ఫారం కంపు – ఎవరికి చెప్పాలి?

ఊరి చివర కోళ్ల ఫారం ఉంది. అందులో పదివేల కోళ్లు. గుడ్లు లారీల్లో పట్నం పోతాయి. ఊళ్లో కొందరికి కూలి దొరుకుతుంది. అంతవరకు బాగానే ఉంది. కానీ గాలి ఊరివైపు తిరిగిందంటే అన్నం తినలేరు. ఒక చేత్తో ముద్ద, ఇంకో చేత్తో ఈగలు తోలుకోవడం. ఉయ్యాల్లో పసిబిడ్డ మొహం మీద కూడా ఈగలే.

"కోళ్లన్నాక కంపు రాదా?" అంటాడు ఫారం ఆసామి. ఈ మాట సగమే నిజం.

కంపు వచ్చేది తడి పెంట నుంచి. గుడ్లు పెట్టే కోడి రోజుకు సుమారు 100 గ్రాముల పెంట వేస్తుంది. పదివేల కోళ్లకు ఎంతో లెక్క కట్టండి. రోజుకు 1,000 కిలోలు! అందులో ముప్పాతిక వంతు నీళ్లే. ఆ పెంట తొందరగా ఆరితే మంచి ఎరువు. రైతులు డబ్బిచ్చి కొనుక్కుపోతారు. ఆరకపోతే కుళ్లుతుంది. అమ్మోనియా అనే ఘాటు వాయువు పుడుతుంది. కళ్లు మండుతాయి, దగ్గు వస్తుంది. ఊరికంటే ముందు ఇది తగిలేది ఫారంలో పనిచేసేవాళ్లకే.

ఈగ గుడ్లు పెట్టేది కూడా తడి పెంటలోనే. ఎండాకాలంలో వారం పది రోజుల్లో ఆ గుడ్డు ఎగిరే ఈగ అవుతుంది. అందుకే మందు చల్లితే నాలుగు రోజులు తగ్గుతాయి, మళ్లీ వస్తాయి. ఆ ఈగే పెంట మీద వాలి, తర్వాత అన్నం మీద వాలుతుంది. పిల్లలకు విరేచనాలు పట్టుకుంటాయి.

మరి ఏం చెయ్యాలి? కోళ్లకు నీళ్లిచ్చే గొట్టాలు కారకూడదు. షెడ్డు చుట్టూ వాన నీరు నిలవకూడదు. పెంట కుప్ప తడవకుండా పైన కప్పు ఉండాలి. చచ్చిన కోళ్లను వాగులో పారెయ్యకుండా గోతిలో సున్నం వేసి పూడ్చాలి. ఇవన్నీ ఆసామి చెయ్యగల పనులే.

దీనికి ప్రభుత్వ నియమాలు కూడా ఉన్నాయి. కేంద్ర కాలుష్య నియంత్రణ మండలి 2021లో వాటిని గట్టిపరిచింది. కొత్తగా కట్టే ఫారం ఇళ్లకు 500 మీటర్ల దూరంలో ఉండాలి. చెరువుకు, కాలువకు, తాగునీటి బావికి 100 మీటర్ల దూరం ఉండాలి. 5,000 కోళ్లు దాటితే రాష్ట్ర కాలుష్య నియంత్రణ మండలి అనుమతి కావాలి. పాత ఫారాన్ని దూరం పేరు చెప్పి లేపెయ్యడం కష్టం. శుభ్రత మాత్రం పాతదానికైనా తప్పదు.

మొదట పంచాయతీకి వెళ్లాలి. ఊరి పారిశుధ్యం పంచాయతీ పని. గ్రామసభలో కూడా అడగవచ్చు. సర్పంచి ఫారం వాళ్ల చుట్టమైతే? అలా జరగడం వింతేమీ కాదు. అప్పుడు ఆర్డీవో దగ్గరకు వెళ్లాలి. 2024 జూలై 1 నుంచి అమల్లో ఉన్న భారతీయ నాగరిక సురక్షా సంహిత 152వ సెక్షన్ ఆయనకు అధికారం ఇస్తుంది. పాత చట్టంలో ఇదే 133వ సెక్షన్. నలుగురి ఆరోగ్యానికి చెరుపు చేసే వ్యాపారాన్ని ఆపమని గాని, పద్ధతి మార్చమని గాని ఆయన ఉత్తర్వు ఇవ్వవచ్చు. ఒక్క ఇంటి బాధ అయితే ఈ సెక్షన్ పనికిరాదు. పదిమందీ కలిసి వెళ్లాలి.

ఇది కాగితం మీది మాటే అనుకోవద్దు. మధ్యప్రదేశ్‌లో రత్లాం అనే పట్నం ఉంది. అక్కడి ఒక వార్డు జనం మురుగు కంపు భరించలేక ఈ సెక్షన్ కిందే మేజిస్ట్రేటును ఆశ్రయించారు. మా దగ్గర డబ్బు లేదంది మునిసిపాలిటీ. డబ్బు లేదనే సాకు చెల్లదని 1980లో సుప్రీంకోర్టు చెప్పింది.

"ఫారం మూసేస్తే మా కూలి పోదా అక్కా?" అని ఫారంలో పనిచేసే చెల్లెలు అడుగుతుంది. న్యాయమైన ప్రశ్నే. మూయమనే అడగాలని ఎక్కడా లేదు. పెంట ఆరబెట్టమని, ఈగలు లేకుండా చూడమని అడిగితే చాలు. అలా అడిగితే ఆ చెల్లెలు కూడా సంతకం పెడుతుంది.

అర్జీలో ఊరి పేరు, ఫారం ఉన్న చోటు, ఎన్ని నెలలుగా బాధ ఉందో రాయాలి. ఏ రోజు ఎంతమంది పిల్లలకు విరేచనాలు పట్టాయో రాస్తే ఇంకా మంచిది. కింద అందరూ సంతకాలు చెయ్యాలి. సోమవారం కలెక్టరు ఆఫీసులో కూడా అర్జీలు తీసుకుంటారు. అర్జీకి నకలు ఒకటి దగ్గర ఉంచుకోవాలి. రశీదు ఇచ్చాక దాని మీద తేదీ, ముద్ర ఉన్నాయో లేదో అక్కడే నిలబడి చదివి చూసుకోవాలి.