చలనచిత్ర చరిత్రకు గ్రామఫోను రికార్డుల సాక్ష్యము

తాళపత్ర గ్రంథములను వెదకి తెచ్చిన వానిని సాహిత్య చరిత్రకారులు గౌరవింతురు. పాత గ్రామఫోను రికార్డులను దాచిన వానిని మాత్రము లోకము వినోదప్రియుడని తలచును. ఈ భేదము న్యాయము కాదని మా యభిప్రాయము. మదరాసు నివాసస్థానముగా వి. ఏ. కె. రంగారావుగారు చేసిన కృషి యిందులకు నిదర్శనము. వారు నలువదివేలకు మించిన రికార్డులను సేకరించిరి. ‘విజయచిత్ర’ పత్రికలో ‘ఆలాపన’ శీర్షికతో సినిమా సంగీతమును గూర్చి వ్రాసిరి.

రికార్డునకు ఇంత ప్రాముఖ్య మేల? తొలినాటి చిత్రములు పెక్కులు నశించుటయే కారణము. నాటి నైట్రేటు ఫిలిము సులభముగా అంటుకొనును. అంటుకొనకున్నను కాలక్రమమున తనంతట తానే చివికిపోవును. వెండిని రాబట్టుటకై పాత ప్రతులను కరగించుటయు కలదు. పూనాలో జాతీయ చలనచిత్ర భాండాగారము ఏర్పడినది 1964లో. హెచ్. ఎం. రెడ్డి దర్శకత్వమున వెలువడిన తొలి తెలుగు టాకీ ‘భక్త ప్రహ్లాద’ ప్రతి నేడు లభింపదు. చిత్రము పోయినచోట పాటల పుస్తకము, ప్రకటన, ఛాయాచిత్రము, రికార్డు మాత్రమే సాక్షులు.

స్మృతి కంటె పత్రము బలవత్తరమని ఆ చిత్ర చరిత్రయే తెలుపుచున్నది. అది 1931 సెప్టెంబరు 15న విడుదలయ్యెనని చిరకాలము వ్రాయుచు వచ్చిరి. 1932 జనవరి 22న సెన్సారు జరిగి, ఫిబ్రవరి 6న బొంబాయిలో విడుదలయ్యెనని రెంటాల జయదేవగారు సమకాలిక ఆధారములతో నిరూపించిరి.

అయితే సాక్షిని పరీక్షింపక నమ్మరాదు. నిమిషమునకు 78 సారులు తిరుగు లక్క రికార్డున ఒక్కొక్క ప్రక్క సుమారు మూడు నిమిషముల పాటయే పట్టును. అందుచే చిత్రములోని పాట రికార్డున కుదింపబడి యుండవచ్చును. చీటీపై పేరును సయితము విచారింపవలెను. 1949 నాటి హిందీ చిత్రము ‘మహల్’లో లతా మంగేష్కర్ పాడిన ప్రసిద్ధ గీతపు రికార్డుపై గాయని పేరునకు బదులు ‘కామిని’ యను పాత్ర పేరు అచ్చయినది. కావున చిత్రము, రికార్డు, పాటల పుస్తకము అను మూడింటి పాఠములను సరిపోల్చుట పరిశోధకుని విధి.

ఇది మన శాఖలకు క్రొత్త విద్య కాదు. పందొమ్మిదవ శతాబ్దిలో చార్లెస్ ఫిలిప్ బ్రౌను వ్రాతప్రతులను సేకరించుటతో తృప్తి చెందక, పండితులచే వానిని సరిచూపించి, శుద్ధప్రతులు వ్రాయించెను. పట్టిక లేని సేకరణము కుప్ప మాత్రమే. ఏ రికార్డు ఎచట, ఎవరి వలన లభించినది, ఏ పాఠము దేనికంటె భిన్నము అను జ్ఞానము సేకర్త మనస్సుననే యున్నచో, అది ఆయనతోనే అంతరించును. వస్తువు మిగిలియు మూగదగును.

కావున పరిశోధక విద్యార్థులకు మా మనవి యొక్కటి. సేకర్తల యొద్దకు పోయి, వారి సంగ్రహములకు పట్టికలు వ్రాయుడు. కంపెనీ పేరు, రికార్డు సంఖ్య, గాయకులు, ప్రాప్తిస్థానము, ప్రస్తుతస్థితి నమోదు చేయుడు. వారు చెప్పు మాటలను ధ్వనిముద్రణము చేయుడు. మదనపల్లె ప్రాంతమున రామసముద్రము వంటి గ్రామములలోనైనను, ఏ యింటి అటకపైననో ఒక పాటల పుస్తకము మిగిలి యుండవచ్చును. చిత్తుకాగితముల వర్తకునికంటె ముందుగా మన మచటికి చేరవలెను.