తిరగేసి ముద్రించిన పాటలు

1940ల మొదట్లో అమెరికాలో ఏ బారుకో, బస్టాండుకో వెళితే గోడవారగా మనిషికంటే ఎత్తైన చెక్కబీరువా ఒకటి కనిపించేది. దాని పేరు పానొరామ్. పది సెంట్ల నాణెం వేయగానే పైనున్న తెర వెలిగేది. డ్యూక్ ఎలింగ్టన్ జాజ్ బ్యాండో, కౌంట్ బేసీ బ్యాండో మూడు నిమిషాలు హోరెత్తించి మాయమయ్యేది. ఆ చిట్టి సినిమాలను సౌండీలు అనేవారు.

జూదపు యంత్రాలు చేసి పేరు గడించిన షికాగో సంస్థ మిల్స్ నావెల్టీ 1940లో ఈ బీరువాను తెచ్చింది. లోపల 16 మిల్లీమీటర్ల ప్రొజెక్టర్ ఉండేది. ఎనిమిది పాటల ఫిల్మును, సుమారు 860 అడుగులు, కొసకు కొస అతికించి అంతులేని చుట్టగా తిప్పేవారు. కోరిన పాట వేసుకునే వీలు లేదు. వరసలో ఏది ఉంటే అదే చూడాలి.

నాకు అన్నిటికన్నా ముచ్చటగొలిపేది అద్దాల ఏర్పాటు. బీరువాలో చోటు తక్కువ కాబట్టి వెలుగును అద్దాలమీదుగా మళ్లించి తెర వెనకనుంచి వేసేవారు. ఆ దారిలో కుడి ఎడమైపోతుంది. అందుకని ఫిల్మునే తిరగేసి ముద్రించారు! ఆ ప్రింటును మామూలు ప్రొజెక్టర్‌కెక్కిస్తే పేర్లు అద్దంలో అక్షరాల్లా కనిపిస్తాయి. సౌండీల్లో కనిపించే జాజ్ కళాకారుడు ఫ్యాట్స్ వాలర్ పియానోకు ప్రాణం ఆయన ఎడమచెయ్యి. మంద్రస్వరాల మీద ఒక దెబ్బ వేసి, అంతలోనే మధ్యకు దూకి, మళ్లీ వెనక్కి వస్తుంది. తిరగేసిన ప్రింటులో ఆ పనంతా కుడిచెయ్యి చేస్తున్నట్టుంటుంది.

పాటను ముందే రికార్డు చేసి, షూటింగులో దానికి తగ్గట్టు వాయిస్తున్నట్టు నటించేవారు. మన ప్లేబ్యాక్ పద్ధతే, కాకపోతే ఇక్కడ ఎవరి వాయింపుకు వాళ్లే నటులు.

హాలీవుడ్ సినిమాల్లో నల్లజాతి కళాకారుల పాటను కథకు అంటకుండా పెట్టేవారు, అమెరికా దక్షిణాది థియేటర్లలో కత్తిరించడానికి వీలుగా. సౌండీల్లో మాత్రం ఆ మూడు నిమిషాలూ పూర్తిగా వాళ్లవే. అలాంటివి 300కు పైగా వచ్చాయి. ఎలింగ్టన్ బ్యాండుతో తీసిన ఒకదానిలో బెన్ వెబ్‌స్టర్ శాక్సఫోన్ ముగిసీ ముగియకుండానే హార్లెం నర్తకులు గాలిలోకి ఎగురుతారు. అంత చిన్న చట్రంలో అంత ఊపు నేనింకెక్కడా చూడలేదు.

రెండో ప్రపంచయుద్ధంలో లోహాల కరువొచ్చి కొత్త బీరువాల తయారీ ఆగింది. 1947కల్లా సౌండీలూ ఆగిపోయాయి. ఆ తర్వాత టెలివిజన్ ఇళ్లలోకి వచ్చేసింది.

వాలర్ 1943 డిసెంబరులో రైలుప్రయాణంలో చనిపోయాడు. అప్పటికి ఆయన వయసు 39. రెండేళ్ల ముందు పానొరామ్ కోసం తీసిన నాలుగు పాటల్లో ఆయన కనుబొమలు ఎగరేస్తూ ఇంకా వాయిస్తూనే ఉన్నాడు.